నోలూమా అంటే ఏమిటి?

హాజరు పిలుస్తున్న టీచరు మధ్యలో ఆగిపోయారు. రిజిస్టరును కళ్ళకు దగ్గరగా పెట్టుకున్నారు. కళ్ళజోడు సర్దుకున్నారు.

"నో... లూ... మా. ఇంతేనా అమ్మా?"

"ప్రెజెంట్ మేడమ్," అంది మూడో బెంచీలో పిల్ల, లేచీ లేవకుండానే.

వెనకనుంచి ఒక గొంతు మెల్లగా, "నోలూమా సిరప్. భోజనం తర్వాత రెండు స్పూన్లు," అంది. క్లాసంతా గొల్లుమంది.

ఆ మాట అన్నవాణ్ణి అందరూ కాంపౌండర్ అంటారు. వాళ్ళ నాన్నకు మందుల షాపుంది. ఏ కొత్త మాట విన్నా వాడికి సీసా మీద చీటీయే గుర్తొస్తుంది. వాడిలో కుళ్ళేమీ లేదు. కాని ఆ సంగతి మన పిల్లకు ఎలా తెలుస్తుంది? ఆ స్కూల్లో చేరి అప్పటికి నాలుగు రోజులే, పేరు రిజిస్టరుకెక్కింది ఆ రోజే.

పాత స్కూల్లో ఈ గొడవ లేదు. అక్కడ నర్సరీ నుంచీ అందరూ కలిసే పెరిగారు. అందరికీ ముక్కూ చెవులూ ఉన్నట్టే ఆ పిల్లకు ఆ పేరుంది, అంతే. ఆరో క్లాసుకు పెద్ద స్కూలుకు వచ్చాకే తన పేరు వింతదని తెలిసింది.

టీచరు రిజిస్టరు మూసేశారు. "నవ్వింది చాలు. శుక్రవారానికి అందరూ మీ పేరుకు అర్థమేమిటో, ఎవరు పెట్టారో ఒక కార్డు మీద రాసుకు రండి. గోడకు అంటిద్దాం. ఎక్కువ నవ్వినవాళ్ళు ముందు తేవాలి."

మేడమ్ మంచికే చెప్పారు. మన పిల్లకు మాత్రం గోరుచుట్టు మీద రోకటిపోటు అయింది.

లంచ్‌లో లైబ్రరీకి వెళ్ళి మూడు డిక్షనరీలు తిరగేసింది. ఒకటి చిన్నది, ఒకటి పెద్దది, ఒకటి ఇటుకంత లావుది. నోరు ఉంది, నోటు ఉంది. నోలూమా లేదు.

"అది ఎవరో కొత్తగా కల్పించిన పేరమ్మా," అన్నారు లైబ్రరీ మేడమ్, పుస్తకాలు సర్దుకుంటూ. "ఈ మధ్య అలాగే పెడుతున్నారుగా. చెవికి బాగుంటే చాలు, అర్థంతో పనిలేదు."

చెవికి బాగుంటే చాలట. ఆ మాట గుర్తుంచుకోండి.

సాయంత్రం బస్సు దిగేసరికి తాత ఎప్పట్లాగే మూడో అంతస్తు బాల్కనీలో నిలబడి ఉన్నాడు. తాతకు అక్కడొక బల్ల, దాని నిండా స్క్రూడ్రైవర్లు. చుట్టుపక్కలవాళ్ళ ఫ్యాన్లూ కుట్టుమిషన్లూ రిపేరు చేస్తుంటాడు. సరిగ్గా బస్సొచ్చే వేళకు పని ఆపి లేస్తాడు. రెండు చేతులూ రెయిలింగు మీద పెట్టి, ఒక్కసారి పిలుస్తాడు.

"నోలూమా..."

ఆ వీధిలో మాట వినపడటమంటే మామూలు సంగతి కాదు. బస్సులు, హారన్లు, కింద టైర్ల షాపులో గాలి కొట్టే మిషను. అన్నిటి మీదుగా ఆ పిలుపు ఈ చివరినుంచి ఆ చివరికి వెళ్తుంది. టైర్ల షాపాయనకు గడియారం అక్కర్లేదు. ఆ పిలుపు వినపడగానే చేతులు తుడుచుకుని టీకి లేస్తాడు.

ఆ రోజు మాత్రం షాపు ముందు కాంపౌండర్ కూడా ఉన్నాడు, సైకిలు పట్టుకుని. పైకి చూశాడు. ఈ పిల్లను చూశాడు. మొహం వెలిగిపోయింది.

"రెండు స్పూన్లు," అన్నాడు.

ఆ పిల్ల మూడు అంతస్తుల మెట్లూ దబదబా ఎక్కేసింది.

తాత గురించి కొంచెం చెప్పాలి. ఈయన అమ్మకు నాన్న. బట్టల మిల్లులో ముప్ఫై రెండేళ్ళు ఫిట్టరు. ఒక్క రేకుల షెడ్డులో నాలుగు వందల మగ్గాలు. అన్నీ కలిసి ఆడుతుంటే పక్కవాడు చెవిలో అరిచినా వినపడదు. అందుకే అక్కడ అందరూ చేతులతోనే మాట్లాడుకునేవారు. అరచెయ్యి నెత్తిన పెట్టుకుంటే సూపర్‌వైజరు వస్తున్నాడని. ఆయనది బట్టతల లెండి. రెండు వేళ్ళతో గుండె మీద రెండుసార్లు తడితే, 'నువ్వు చెప్పింది అందింది' అని.

మిల్లు మూతపడింది. తాత చెవులు కూడా దాంతోపాటే సగానికి పైగా మూతపడ్డాయి. చెవి మిషను కొన్నారు. పెట్టుకుంటే హారన్లు రెట్టింపయ్యాయి, మాటలు మాత్రం ఎప్పట్లాగే నలిగిపోయి వచ్చాయి. అది సొరుగులో పడుంది. తాతతో మాట్లాడాలంటే బల్లకు దారంతో కట్టిన నోట్‌బుక్కులో రాయాలి.

ఆ పిల్ల బ్యాగు విసిరేసి నోట్‌బుక్కులో రాసింది. "నా పేరుకి అర్థం ఏంటి?"

తాత చదివాడు. పెన్సిలు పట్టుకుని చాలాసేపు ఆలోచించాడు. చివరికి, "మీ అమ్మనడుగు," అని రాశాడు.

అమ్మ ల్యాబులో పనిచేస్తుంది. రక్తం ఇవ్వడానికి వచ్చినవాళ్ళను పొద్దుటినుంచి సాయంత్రం దాకా పేరుపేరునా పిలవడమే ఆమె ఉద్యోగం. ఇంటికొచ్చేసరికి గొంతు బొంగురుపోయి ఉంటుంది.

"నా పేరుకి అర్థం ఏంటమ్మా?"

అమ్మ తాతవైపు చూసింది. తాత ఫ్యాను రెక్కవైపు చూశాడు.

"తాతనడుగు," అంది అమ్మ.

పెద్దవాళ్ళు ఇలా బంతాట మొదలుపెట్టారంటే మధ్యలో ఉన్నవాళ్ళకు ఒళ్ళు మండుతుంది. ఈ పిల్లకూ మండింది. "అర్థం లేదని చెప్పొచ్చు కదా. ఏదో నోటికొచ్చింది పెట్టేశారు," అని గొణుక్కుంది. నాన్నను అడుగుదామంటే ఆయన లారీ మీద వెళ్ళి వారమైంది, ఫోను అందడం లేదు.

మర్నాడు ఇటుకంత డిక్షనరీలోనే తనకో పేరు వెతుక్కుంది. శిశిర. ఆకులు రాలే చలికాలం. అర్థానికి అర్థం, అందానికి అందం. కార్డు మీద స్కెచ్ పెన్నుతో రాసింది. "నా అసలు పేరు శిశిర. నోలూమా అని రిజిస్టరులో పొరపాటున పడింది." చుట్టూ నాలుగు ఎండుటాకులు కూడా గీసింది.

శుక్రవారం కార్డు గోడకెక్కింది. టీచరు దాన్ని చదివి, ఆ పిల్లవైపు ఒకసారి చూసి, అంటించారు. కాంపౌండర్ చదివి పెదవి విరిచాడు. ఆ పేరుతో మందేదీ వాడికి తట్టలేదు.

ఇక మిగిలింది ఇల్లు.

"ఇకనుంచి నన్ను శిశిర అనే పిలవాలి," అంది అమ్మతో.

అమ్మ చేతిలో గరిటె ఆగింది. "ఎన్నాళ్ళ ముచ్చట ఇది?"

"ముచ్చట కాదు. నిజంగానే."

అమ్మ తాత బల్లవైపు ఒకసారి చూసి మళ్ళీ గరిటె తిప్పింది.

తాతకు నోట్‌బుక్కులో రాసింది. "బాల్కనీలోంచి ఆ పేరుతో పిలవొద్దు. అందరూ నవ్వుతున్నారు. నా పేరు శిశిర."

తాత రెండుసార్లు చదివాడు. కళ్ళజోడు తీసి చొక్కా అంచుతో తుడుచుకున్నాడు. తర్వాత రెండు వేళ్ళతో గుండె మీద రెండుసార్లు తట్టాడు. నువ్వు చెప్పింది అందింది అని.

సోమవారం బస్సు దిగింది. తాత రెయిలింగు పట్టుకుని పిలిచాడు. కాని వచ్చింది పేరు కాదు. "ఇ... ఇ... ర" అని గాలిలాంటిదేదో వచ్చింది. తాత ఆగి, మళ్ళీ ప్రయత్నించాడు. ఈసారి ఇంకా అన్యాయంగా వచ్చింది.

"మీ తాత ఇవాళ పళ్ళసెట్టు మర్చిపోయాడా?" అంది మెట్ల దగ్గర ఆడుకుంటున్న కింది వాటా పిల్ల.

మన పిల్లకు తల కొట్టేసినట్టయింది. పైకి చూసి పెదాల మీద వేలు పెట్టుకుంది. తాత వెంటనే నోరు మూసేశాడు. ఆ తర్వాతి రోజు పిలవలేదు, చెయ్యి ఊపాడు. ఆ తర్వాతి రోజునుంచి అదీ లేదు. బల్ల ముందు కూర్చుని, వీధికి వీపు పెట్టి, స్క్రూలు విప్పుకుంటూ ఉండేవాడు.

కోరుకున్నదే జరిగింది కదా. హాయిగా ఉండాలి. లేదు మరి.

బస్సు దిగాక ఆ పిల్ల అడుగులు వాటంతటవే నెమ్మదించేవి. టైర్ల షాపు దాటేదాకా చెవులు పైనే ఉండేవి. హారన్లు వినపడేవి. గాలి మిషను వినపడేది. పైనుంచి మాత్రం ఏమీ రాదు. ఒకరోజు టైర్ల షాపాయన అడిగేశాడు.

"పాపా, మీ తాతకి ఒంట్లో బాగుండటం లేదా? వారం నుంచి నా టీ తప్పిపోతోంది."

"బాగానే ఉన్నాడండీ," అంది. పైకి చూడకుండా మెట్లెక్కింది.

స్కూల్లో 'శిశిరా' అని పిలిస్తే రెండోసారికి గాని పలికేది కాదు. పిలిచింది తననేనని గుర్తుండేది కాదు. వరండాలో ఎవరైనా 'అమ్మా' అంటే మాత్రం, చివర్లోని ఆ 'మా'కు తల గిర్రున తిరిగేది. తాత పిలుపు కావాలనిపించేది. ఎంత కావాలనిపించేదంటే, అన్నం ముందు కూర్చున్నా, లెక్కలు చేస్తున్నా అదే గుర్తొచ్చేది. కాని వద్దని రాసిచ్చింది తనే. ఇప్పుడు ఏ మొహం పెట్టుకుని అడుగుతుంది?

ఇంట్లో ఇంకోటి కూడా మారింది. ముందు దాన్నెవరూ పట్టించుకోలేదు.

ఇదివరకు రాత్రి భోజనాల దగ్గర అమ్మా ఈ పిల్లా ఏదో మాట్లాడుకునేవారు. తాత తల దించుకుని తినేవాడు. మధ్యలో అమ్మ ఏ పది మాటలకో ఒకసారి "నోలూమా" అనేది. ఠక్కున తాత తల లేచేది. "ఏంటీ, ఏమంటోంది నోలూమా?" అనేవాడు. అప్పుడు అమ్మ పక్కనున్న కాగితం అందుకుని రెండు ముక్కలు రాసేది. తాత చదివి పకపకా నవ్వేవాడు. అక్కణ్ణుంచి తాత కూడా మాటల్లో ఉన్నట్టే.

ఇప్పుడు అమ్మ అయిష్టంగానే "శిశిరా, నీళ్ళు తే," అంటోంది. తాత తల లేవడం లేదు. ఒకరోజు అమ్మ ల్యాబులో జరిగిన తమాషా చెప్పింది. ఒకాయన సూది చూడగానే తన పేరు తనది కాదని వాదించాడట. ఇద్దరూ పడీ పడీ నవ్వారు. తాత వాళ్ళ మొహాలు చూసి, ఒక క్షణం ఆలస్యంగా తనూ నవ్వాడు. దేనికో తెలియకుండా నవ్విన నవ్వు అది. తర్వాత కంచం తీసుకుని లేచి వెళ్ళిపోయాడు.

ఆ పిల్ల కంచం పక్కకు జరిపింది.

ఆదివారం మధ్యాహ్నం తాత నిద్రపోతున్నాడు. అమ్మ ఆరిన బట్టలు మడతపెడుతోంది. ఆ పిల్ల ఒక దుప్పటి కొస పట్టుకుని నిలబడింది.

"అమ్మా, తాత నామీద అలిగాడా?"

"అలగడం మీ తాతకి చేతకాదు."

"మరి శిశిర అని ఎందుకు పిలవడు?"

అమ్మ దుప్పటి వదిలేసి మంచం అంచున కూర్చుంది. "పిలవలేడే. మీ తాతకి సగం అక్షరాలు వినపడవు. స, శ, చ, త... ఇలా నాలుక చివరనుంచి సన్నగా వచ్చేవన్నీ మిల్లు తీసేసుకుంది. తన నోటితో తను అన్నవి కూడా తనకే వినపడవు. వినపడని మాట నోట్లో అరిగిపోతుంది. నా పేరులో రెండు 'స'లున్నాయి కదా. నేను కాలేజీకి వచ్చేసరికే రెండూ పోయాయి. మా నాన్న నన్ను పూర్తి పేరుతో పిలవగా విని ఎన్నేళ్ళయిందో తెలుసా?"

ఆ పిల్లకు తెలియదు. తాత అమ్మను 'ఏమ్మా' అని మాత్రమే ఎందుకు పిలుస్తాడో ఎప్పుడూ ఆలోచించలేదు.

అమ్మ లేచి, బీరువా కిందినుంచి అట్ట ఊడిన పాత లాంగు నోట్‌బుక్కు తీసింది. తెరిచి చేతికిచ్చింది. పేజీల నిండా ఆడపిల్లల పేర్లు. ఒక్కో పేరు పక్కనా ఇంటూ గుర్తు. మొదటి పేజీ అంతా ఇంటూలే. రెండో పేజీ, మూడో పేజీ కూడా.

"నువ్వు పుట్టిన నెలలో రాసింది. చుట్టాలందరూ పేర్లు పంపారు. నూట నలభై ఏడు. మీ తాత ఇలా బల్ల ముందు కూర్చునేవాడు. నేను నిన్ను ఒళ్ళో వేసుకుని ఆయన వీపు వెనక కూర్చునేదాన్ని. ఎదురుగా ఉంటే పెదాలు చూసి కనిపెట్టేస్తాడని. ఒక్కో పేరూ పిలిచేదాన్ని. తల తిప్పితే టిక్కు, తిప్పకపోతే ఇంటూ."

"ఒక్కదానికీ టిక్కు లేదుగా."

"లేదు. నాకు ఏడుపొచ్చింది. 'నీకు నచ్చింది పెట్టమ్మా, నాకు వినపడకపోతే ఏంటి' అని మీ తాత అంటూనే ఉన్నాడు. నేను వింటే కదా. పేర్లు పక్కన పడేసి అక్షరాలు పట్టుకున్నా. చివరి పేజీ చూడు."

చివరి పేజీలో అక్షరాలు విడివిడిగా ఉన్నాయి. కా ఇంటూ. సీ ఇంటూ. మా పక్కన టిక్కు. లూ పక్కన టిక్కు. నో పక్కన రెండు టిక్కులు. వాటి కింద ఆ మూడూ రకరకాలుగా అటూ ఇటూ మార్చి రాసి ఉన్నాయి. అడుగున ఒక్క మాట, చుట్టూ నాలుగైదుసార్లు సున్నా చుట్టి ఉంది.

నోలూమా.

"పదకొండో రోజున కుదిరింది," అంది అమ్మ. "వెనకనుంచి అన్నాను. మీ తాత స్క్రూడ్రైవరు కింద పెట్టి తిరిగాడు. 'ఎవర్ని?' అన్నాడు. నిన్నే చూపించాను. ఆ తర్వాత సాయంత్రం దాకా ఆయన ఇంకో పని చెయ్యలేదు. నీ పక్కన కూర్చుని అదే అనుకుంటూ ఉన్నాడు. అన్నది అన్నట్టు తన చెవులకి తనకే వినపడుతోందిగా."

"మరి నేనడిగితే ఎందుకు చెప్పలేదు?" అంది ఆ పిల్ల.

"చెప్పొద్దని ఒట్టేయించుకున్నాడు. 'చెవిటి తాత కోసం పెట్టిన పేరని పిల్ల చిన్నబుచ్చుకుంటుంది. దానికి ఇష్టం లేకపోతే ఎప్పుడైనా మార్చుకోనీ' అన్నాడు. ఇవాళ ఆ ఒట్టు తప్పాను. ఏం చెయ్యను, ఆయన అలా తల దించుకుని తింటుంటే చూడలేకపోయా."

ఆ పిల్ల నోట్‌బుక్కును ఒళ్ళో పెట్టుకుని ఏడ్చింది. అమ్మ ఆపలేదు. కాసేపయ్యాక చెంగుతో మొహం తుడిచింది.

"రోజూ కౌంటరులో వందమందిని పిలుస్తాను కదే. ఎంత గొప్ప అర్థమున్న పేరైనా కావచ్చు. ఆ మనిషి తల తిప్పితేనే నా పని అవుతుంది," అంది.

సోమవారం ఆ పిల్ల బెల్లుకన్నా ముందే స్కూలుకు వెళ్ళింది. గోడ మీది కార్డు ఊడదీసి, ఇంకోటి అంటించింది. దాని మీద ఆకులూ లేవు, రంగులూ లేవు.

"నా పేరు నోలూమా. ముందు రాసింది అబద్ధం. ఈ పేరు ఏ డిక్షనరీలోనూ లేదు. మా అమ్మ పదకొండు రోజులు కూర్చుని తయారుచేసింది. అర్థం: మా తాతకు వినపడేది."

టీచరు వచ్చి చదివారు. తర్వాత రిజిస్టరు తెరిచి హాజరు పిలిచారు. ఆ పేరు దగ్గర ఈసారి తడుముకోలేదు.

"ప్రెజెంట్ మేడమ్," అంది ఆ పిల్ల, నిటారుగా నిలబడి.

కాంపౌండర్ లంచ్‌లో ఆ కార్డు ముందు చాలాసేపు నిలబడ్డాడు. సాయంత్రం ఆ పిల్ల బస్సు దిగేసరికి సైకిలు నడిపించుకుంటూ పక్కకు వచ్చాడు.

"నిజంగా మీ తాతకి ఏమీ వినపడదా?"

"ఇదొక్కటి వినపడుతుంది."

"మూడో అంతస్తుకా? ఇంత గోలలోనా?"

ఆ పిల్లకూ అదే భయంగా ఉంది. తాత ఎప్పుడూ పైనుంచి పిలిచేవాడు. కిందినుంచి ఎవరూ పిలిచి చూడలేదు.

టైర్ల షాపు ముందు ఆగింది. పైన తాత వీధికి వీపు పెట్టి కూర్చున్నాడు. ఒక బస్సు పోయింది. ఇంకోటి వచ్చింది. గాలి మిషను కొట్టుకుంటోంది. ఆ పిల్ల రెండు చేతులూ నోటి చుట్టూ పెట్టుకుని, నడివీధిలో, తన పేరు తనే పిలిచింది.

"నోలూమా..."

దారినపోయేవాళ్ళు తిరిగి చూశారు. తాత తిరగలేదు.

"చాల్లేదు. కడుపులోంచి రావాలి," అన్నాడు కాంపౌండర్. వాడు నవ్వడం లేదు. టైర్ల షాపాయన లోపలికి వంగి గాలి మిషను కట్టేశాడు.

ఆ పిల్ల గట్టిగా ఊపిరి పీల్చుకుంది. తాత ఎలా పిలుస్తాడో గుర్తు తెచ్చుకుంది. మొదటి అక్షరాన్ని బరువుగా దించి, చివరిదాన్ని వదలకుండా పట్టుకోవాలి.

"నోలూమా..."

స్క్రూడ్రైవరు ఆగింది. తాత ముందు ఇంట్లోకి చూశాడు, అమ్మ పిలిచిందేమోనని. తర్వాత నెమ్మదిగా లేచి రెయిలింగు దగ్గరకు వచ్చాడు. కిందికి చూశాడు.

ఆ పిల్ల తనను తను చూపించుకుంది. తర్వాత తాతను చూపించింది. తర్వాత చెయ్యి చెవి వెనక పెట్టుకుని నిలబడింది, నువ్వు పిలు అన్నట్టు.

తాత రెండు వేళ్ళతో గుండె మీద రెండుసార్లు తట్టాడు. రెండు చేతులూ రెయిలింగు మీద పెట్టాడు. పది రోజులకు పైగా నోట్లో దాచుకున్న పేరు బయటికి వచ్చింది. ఈ చివరినుంచి ఆ చివరికి వెళ్ళింది. ఎక్కడా ఒక్క అక్షరం కూడా అరగలేదు.

"వస్తున్నా తాతా," అంది ఆ పిల్ల. అది తాతకు వినపడదని తెలుసు. అందుకని రెండు వేళ్ళతో తన గుండె మీద రెండుసార్లు తట్టి, మెట్లవైపు పరుగెత్తింది.

టైర్ల షాపాయన చేతులు తుడుచుకుని టీకి లేచాడు.